రోస్కో దొర పట్టుకున్న దారం

బర్మాకు తూర్పున కొండల్లో ఉన్న మా వియాంగ్ ఫున్‌లో ఎండాకాలం రాగానే నది మోకాలి లోతుకు దిగిపోతుంది. ఆ ఏడు అంతకన్నా దిగిపోయింది. ఆడవాళ్ళం నది మధ్యలో చెలమలు తవ్వి కొబ్బరి చిప్పలతో నీళ్ళు తోడుకున్నాం. పడవలన్నీ ఒడ్డున బోర్లా పడి ఉన్నాయి. టపా ఏనుగు మీద వచ్చింది. ఆ ఒక్క టపాలోనే మా ఇంటికి రెండు వచ్చాయి. ఒకటి రోస్కో దొర రాసిన పుస్తకం. రెండోది, ఇక కొలువు చాలించి స్వదేశం వచ్చెయ్యమని ఆయనకు వాళ్ళ ప్రభుత్వం రాసిన ఉత్తరం.

రోస్కో దొర ఒకప్పుడు బర్మా యుద్ధంలో కెప్టెన్. ఎడమ కాలి వేళ్ళు రెండు అక్కడే వదిలేసి వచ్చాడు. తర్వాత ఇంగ్లీషు వాళ్ళు ఆయన్ని మా ఊళ్ళో కాన్సల్‌గా కూర్చోబెట్టారు. తమ మనుషుల మంచిచెడ్డలు, తగాదాలు చూసే దొర అన్నమాట. పదకొండేళ్ళు ఉన్నాడు. అందులో పదేళ్ళు నేను ఆయన ఇంట్లో ఉన్నాను. పెళ్ళామా అంటే, మా వైపు పెళ్ళామే. మా అమ్మ ఇలవేల్పుల ముందు పందితల, సారా పెట్టి ఆయన చేత దణ్ణం పెట్టించింది. ఆయన ఆ తంతును కూడా నోటు పుస్తకంలో రాసుకున్నాడు. వాళ్ళ వైపు నేను ఏమవుతానో ఆ అచ్చు పుస్తకం వచ్చేదాకా నాకు తెలియదు.

ఆయనకు రెండే పిచ్చులు, నడవడం, రాసుకోవడం. కనబడిన కొండల్లా ఎక్కేవాడు. ఎక్కి, పైన నీళ్ళు కాచి, అందులో వేడి కొలిచే గాజుపుల్ల పెట్టి చూసి, కొండ ఎత్తు ఇంత అని రాసుకునేవాడు. అంత కష్టపడి కాచిన నీళ్ళతో టీ అయినా పెట్టుకోకుండా పారబోసేవాడని ఊరంతా నవ్వుకునేది. వాగు కనబడితే దాని పేరు కావాలి. మా తాత కొండల్లో తేనెపట్లు కొట్టేవాడు, చిన్నప్పుడు ఆయన వెనకే తిరిగాను, కాబట్టి పేర్లన్నీ నాకు వచ్చు. దొర అడిగేవాడు, నేను చెప్పేదాన్ని. పదేళ్ళ కాపురంలో మేం మాట్లాడుకున్న మాటల్లో సగం వాగుల పేర్లే.

పుస్తకం ఎర్రట్ట వేసుకుని, దాని మీద బంగారు రంగు ఏనుగుతో వచ్చింది. దొర దాన్ని పసిబిడ్డను ఎత్తుకున్నట్టు రెండు చేతులా పట్టుకుని తిరిగాడు. వంటమనిషికి చూపించాడు, ఏనుగు మావటికి చూపించాడు, విహారానికి తీసుకెళ్ళి భిక్షువులకు కూడా చూపించాడు. మర్నాడు ఆయన కచేరీ గదిలో ఉన్నప్పుడు నేను గుమస్తా జోసెఫ్‌ను వసారాలోకి పిలిచి, నమలడానికి ఊరబెట్టిన తేయాకు చేతిలో పెట్టాను. జోసెఫ్‌ది మౌల్మేన్, బర్మాలో ఇంగ్లీషు వాళ్ళ రేవు. తండ్రి ఎవరో ఇంగ్లీషు సిపాయి, తల్లి బర్మా మనిషి. ఇంగ్లీషూ మా మాటా రెండూ వచ్చు.

"చదివి పెట్టు తమ్ముడూ. అంతా వద్దులే, నేనెక్కడున్నానో అది చదువు చాలు."

జోసెఫ్ పేజీలు తిప్పాడు. తేయాకు సారం అయిపోయేదాకా తిప్పాడు.

"కుక్క ఉందక్కా," అన్నాడు. "మన టాప్సీ. ఒక చోట కాదు, పదకొండు చోట్ల. పులి వాసన పట్టి దొరను కాపాడిందట."

"దాని మొహం! పిల్లిని చూస్తే మంచం కిందికి దూరుతుంది. తర్వాత?"

"నీళ్ళు కాచడం ఉంది. వాగుల పేర్లన్నీ ఉన్నాయి."

"అవి నేను చెప్పినవే కదా."

"అదీ ఉందక్కా. ఇదిగో. 'స్థానికురాలైన ఒక స్త్రీ నాకీ పేర్లు చెప్పింది.'"

"పేరు?"

"పేరు రాయలేదు."

"మా పిల్ల గురించి?"

జోసెఫ్ పుస్తకం మూసి, అట్ట మీద ఏనుగును చొక్కా చేతితో తుడిచాడు. "పని ఉందక్కా, దొరగారు పిలుస్తారు," అని లేచిపోయాడు.

నాకు ఒళ్ళు మండింది. అయినా అమ్మ దగ్గరికి వెళ్ళి కుక్క సంగతి చెప్పి ఇద్దరం కడుపు పట్టుకుని నవ్వాం. పుస్తకంలో లేకపోతేనేం, ఇంట్లో ఉన్నాను కదా అనుకున్నాను. 

నాలుగు రోజుల తర్వాత మధ్యాహ్నం అన్నాల వేళ దొర మా అమ్మాయికి కాగితంతో పడవ చేసి ఇస్తున్నాడు. దాని పేరు ఖంనోయి, అప్పటికి తొమ్మిదేళ్ళు. జుట్టు ఆయనది, కళ్ళు మా అమ్మవి, గొంతు ఎవరిదో గాని వీధి చివరికి వినబడేది.

"అసలు ఓడ మన విహారం అంత ఉంటుంది," అన్నాడు దొర.

"విహారం నీళ్ళల్లో ఎలా తేలుతుంది నాన్నా? బుద్ధుడు తడిసిపోడూ?"

"నువ్వే చూస్తావుగా."

"అమ్మా! నాన్న నాకు ఓడ చూపిస్తాడట!" అని అది మెట్లన్నీ దూకుకుంటూ వీధిలోకి పరిగెత్తింది, చాటింపు వెయ్యడానికి.

"బువా, కూర్చో," అన్నాడు దొర. ఆయన నన్ను కూర్చోమన్నాడంటే ఏదో ముంచుకొచ్చిందన్నమాటే. "కొత్త సంవత్సరం పండుగ అయిన పదో రోజున నేను బయలుదేరాలి. వానలు పడకముందే కొండలు దాటాలి. ఖంనోయి నాతో వస్తుంది. మౌల్మేన్‌లో సిస్టర్ల బడి ఉంది. మా వంటి వాళ్ళ పిల్లల కోసమే పెట్టారు. ఉత్తరం రాశాను, చేర్చుకుంటామన్నారు."

"నేను?"

"తల్లులను అక్కడ ఉండనివ్వరు."

"మరి మీరు?"

"నేను ఇంగ్లండు వెళ్ళిపోవాలి కదా."

"అంటే పిల్ల మీ దగ్గరా ఉండదు, నా దగ్గరా ఉండదు. మరి కన్నది ఎందుకు మనం?"

"అలా మాట్లాడకు. దొరలు వదిలేసి వెళ్ళిన పిల్లల్ని ఈ దేశంలో ఎంతమందిని చూశాను నేను! బజార్లో వేలెత్తి చూపిస్తారు. నా కూతురికి ఆ గతి పట్టనివ్వను."

ఆ మాట అంటున్నప్పుడు ఆయన కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. అవి నిజం నీళ్ళే. ఆయన చెడ్డవాడు కాడు. చెడ్డవాడైతే నాకు తేలికగా ఉండేది.

"నేను పంపను," అన్నాను.

దొర చాలా మెల్లగా చెప్పాడు. "బువా, ఆమె పేరు నా రిజిస్టర్‌లో ఉంది. ఆమె మా మహారాణి మనిషి. ఆమె ఎక్కడ ఉండాలో చెప్పే హక్కు నాది. నువ్వే వేలిముద్ర వేశావు."

అవును, నేనే వేశాను. వెయ్యనిమ్మని కాళ్ళు పట్టుకున్నదీ నేనే. అంతకుముందు ఏడు కోటలోని రాజుగారి మనుషులు వచ్చి మా పక్కింటి పిల్లను బట్టలు నేసే వెట్టికి తీసుకుపోయారు. మళ్ళీ పంపలేదు. కోటవాళ్ళు ముట్టుకోనిది ఒక్క ఇంగ్లీషు చిట్టాలో పేరున్నవాళ్ళనే. ఆ కాగితం కోసం బర్మా నుంచి వచ్చే షాన్ వర్తకులు, టేకు కలప మనుషులు మా గుమ్మం ముందు పడిగాపులు పడేవాళ్ళు. దొర తొందరపడొద్దు, ఆలోచిద్దాం అన్నాడు. ఆయన ఏం ఆలోచించాలన్నాడో నేను అడగలేదు. మూడు రోజులు అన్నం మానేశాను. నాలుగో రోజు ఆయన పెద్ద పుస్తకం తెరిచి, పిల్లకు 'ఎడిత్' అని ఒక ఇంగ్లీషు పేరు కూడా పెట్టి రాశాడు. నేను బొటనవేలు సిరాలో ముంచి ఒత్తి, వీధంతా బెల్లం అన్నం పంచాను. పిల్లను ఎవరి నుంచి తప్పిస్తున్నానో చూసుకున్నాను గాని, ఎవరి చేతిలో పెడుతున్నానో చూసుకోలేదు.

మా మేనమామ పేరు ఇంటా. పిల్లను పోనివ్వకుండా ఆపమని అడగడానికి కోటకు వెళ్ళాడు. ఆయన పదిహేనేళ్ళు భిక్షువుగా ఉండి కాషాయం విప్పి వచ్చినవాడు. శాస్త్రం తెలిసినవాడని ఊరు గౌరవిస్తుంది, నోటికి భయపడి దూరంగానూ ఉంటుంది. ఎండలో వెళ్ళినవాడు ఎండలోనే తిరిగొచ్చి వసారాలో కూలబడ్డాడు.

"ఏమన్నారు మామయ్యా?"

"నవ్వారే. 'నిరుడు మా చేతికి దొరక్కుండా తెల్లవాడి చిట్టాలో దాచుకున్నారుగా, ఇప్పుడు ఆ తెల్లవాడినే అడుక్కోండి' అన్నారు. మంచినీళ్ళియ్యి. వాళ్ళు అవి కూడా ఇవ్వలేదు."

"పిల్లను తీసుకుని కొండల్లోకి పోవే," అంది అమ్మ. "మీ తాత గుహలు ఉండనే ఉన్నాయి. వానలు పడేదాకా దాక్కుంటే దొరే వెళ్ళిపోతాడు."

నాకు ఊపిరి వచ్చింది. మర్నాడు దొర నదికి స్నానానికి వెళ్ళినప్పుడు, ఏ దారిన పోవాలా అని ఆయన గదిలో గోడకున్న పటం చూడబోయాను. చదవడం రాకపోయినా వాగుల గీతలు నాకు తెలుసు, ఆయన గీస్తుంటే పక్కన కూర్చున్నదాన్నే కదా. పెద్ద వాగు ఉంది. దానిలో కలిసే చిన్న వాగు ఉంది. తేనె గుహ ఉంది. మా తాతకు తప్ప ఎవరికీ తెలియని ఊట కూడా ఉంది, ఒక చిన్న చుక్కగా. దాని పేరు చెప్పిన రోజు నాకు గుర్తే. ఆయన ఎంత సంతోషపడ్డాడంటే ఆ రోజు నాకు తానే పండు కోసి పెట్టాడు. నేను దాక్కోగలిగిన ప్రతి చోటూ ఆ గోడ మీద ఉంది. ఆ పటం కింద నేల మీద కూర్చుని, నోట్లో కొంగు కుక్కుకుని ఏడ్చాను.

చెలమ దగ్గర నీళ్ళు తోడుతుంటే జోసెఫ్ వచ్చి నిలబడ్డాడు. అతనికి సంగతంతా తెలుసు, బడికి ఉత్తరం నకలు రాసింది అతనే.

"నేనూ ఆ బళ్ళోనే పెరిగానక్కా," అన్నాడు.

"కొడతారా?"

"లేదు. మంచివాళ్ళే. కడుపునిండా పెడతారు. చలికాలం కంబళి కూడా ఇస్తారు."

"మరి అంత బాగుంటే ఆ మొహం ఎందుకలా పెట్టావు?"

అతను చెప్పులు విప్పి తడి ఇసుకలో నిలబడ్డాడు. "నాలుగేళ్ళప్పుడు చేర్చారు. మొదట్లో మా అమ్మ గేటు దగ్గరికి వచ్చేదట. తర్వాత రాలేదట. ఆవిడ పేరు 'మా' అని మొదలవుతుంది. బర్మాలో ఆడవాళ్ళందరి పేర్లూ అలాగే మొదలవుతాయి. ఆ తర్వాతది నేను మర్చిపోయాను."

ఎక్కడో గొడుగు పోగొట్టుకున్నవాడు చెప్పినట్టు చెప్పాడు. నా కూతురు కడుపునిండా అన్నం తిని, కంబళి కప్పుకుని, నా పేరు మర్చిపోతుంది. పండుగ ఎనిమిది రోజుల్లోకి వచ్చింది.

ఇంటా మామయ్య వచ్చి దూరంగా కూర్చున్నాడు. ఆయన ఎప్పుడూ దగ్గరే కూర్చునే మనిషి.

"ఒక్కటే దారుందే. చెబితే తంతావు."

"చెప్పు మామయ్యా."

"విహారానికి ఇచ్చెయ్యి."

నిజంగానే చేతికి అందిన చాట విసిరాను. ఆయన తల వంచి తప్పించుకున్నాడు.

విహారం మనుషులు మాకు కొత్త కాదు. ఉత్తరపు గోడ వార వాళ్ళ పాకలు. ఎప్పుడో ఎవరో ధారపోసిన మనుషుల పిల్లలు, వాళ్ళ పిల్లలు. ఆవరణ ఊడ్చేదీ, వడ్లు దంచేదీ వాళ్ళే. వాళ్ళను రాజు వెట్టికి పిలవకూడదు. ఊరి పొలిమేర ఎవరూ దాటించకూడదు. దాటించినవాడికి పట్టే నరకాలన్నీ గుమ్మం దగ్గర రాతి మీద చెక్కి ఉన్నాయి. కోటవాళ్ళకే ఆ రాయంటే భయం. 

"కోటలో వెట్టి తప్పించాలని ఆ కాగితం తెచ్చుకున్నాను," అన్నాను. "ఇప్పుడు కాగితం తప్పించాలని తరతరాల వెట్టిలో పెట్టమంటావా? దాని కూతుళ్ళను, దాని మనవరాళ్ళను కూడా?"

"దాని పాక మీ ఇంటికి కూతవేటు దూరం. మౌల్మేన్ పద్దెనిమిది రోజుల ప్రయాణం. నేను చెప్పేది అంతే. చాట ఇలా ఇయ్యి, విరిగిందేమో చూస్తాను."

విహారం పెద్ద భిక్షువుకు చూపు దాదాపు పోయింది. నేను చెప్పిందంతా విని చాలాసేపు జపమాల తిప్పాడు.

"ఇక అది నీ ఇంట్లో పడుకోదు తల్లీ. నీ ఇలవేల్పులు దానివి కావు. దానికి జ్వరం వస్తే నువ్వు దాని మణికట్టుకు దారం కట్టి, బెదిరిపోయిన ప్రాణాన్ని వెనక్కి పిలవకూడదు. పెళ్ళి విహారం వాళ్ళలోనే. తెలుసా?"

"తెలుసు స్వామీ."

"ఇంకొకటి. ఇచ్చే హక్కున్న వాళ్ళందరూ పూజలో దానపు దారం పట్టుకోవాలి. తండ్రి బతికి ఉన్నాడు. ఆయన పట్టుకోకపోతే దానం చెల్లదు."

"పట్టుకుంటారు."

"ఆయనకు అంతా చెబుతావా?"

నేను నేల చూశాను. ఆయన జపమాల పక్కన పెట్టాడు. "అడగవలసిన మాట అందరి ముందూ అడుగుతాను," అన్నాడు. "జవాబు మీది. పాపం పుణ్యం కూడా మీవే."

పండుగకు రెండు రోజుల ముందు అమ్మ ఇలవేల్పుల చెక్క పీఠం ముందు పూలు పెట్టి కూర్చుంది. మా ఇలవేల్పులు తల్లి నుంచి కూతురికి వస్తాయి. మా ఇంట్లో నేనొక్కదాన్నే ఆడపిల్లను, నాకు ఖంనోయి ఒక్కతే. "తల్లుల్లారా," అంది అమ్మ, ఇరుగమ్మతో మాట్లాడినట్టు మామూలుగా. "ఈ పిల్ల ఇక మనది కాదు. దానికి ఒంట్లో బాగోకపోయినా మీరు వెళ్ళకండి. దాని గుమ్మం తొక్కకండి." తర్వాత నా వైపు తిరిగింది. "నా తర్వాత నువ్వు పెడతావు పూలు. నీ తర్వాత ఈ పీఠం విరగ్గొట్టించి పొయ్యిలో పెట్టించు." పండుగ దాకా మళ్ళీ నాతో మాట్లాడలేదు.

కొత్త సంవత్సరం రోజున ఊరంతా నదిలోంచి దోసిళ్ళతో, బుట్టలతో ఇసుక మోసుకెళ్ళి విహారం ఆవరణలో స్తూపాలు కడుతుంది. ఏడాదంతా మన కాళ్ళకు అంటుకుని విహారం మట్టి బయటికి పోతుంది కదా, అది తిరిగి ఇచ్చెయ్యాలి. దొరకు ఆ పండుగంటే ఇష్టం. ఆ ఏడు అచ్చు పుస్తకం రాసినవాడన్న గౌరవంతో పెద్దలు ఆయనకు ముందు వరసలో కుర్చీ వేశారు. తెల్ల కోటు, ఛాతీ మీద యుద్ధంలో ఇచ్చిన పతకం, మోకాలి మీద నోటు పుస్తకం. ఆయన వెనకాల జోసెఫ్ నిలబడ్డాడు.

ఖంనోయికి తెల్లబట్టలు కట్టి తల్లో మల్లెలు పెట్టాను. "ఇవాళ నువ్వు పూజలో కూర్చుంటావు," అన్నాను. "కదలకూడదు."

"ఓడ ప్రయాణానికా అమ్మా ఈ పూజ?"

"ఆఁ," అన్నాను.

నేను దానికీ చెప్పలేదు. ఈ కథలో ఆయన ఒక్కడే మోసపోయాడనుకునేరు.

భిక్షువులు బుద్ధుడి విగ్రహానికి చుట్టిన తెల్ల దారం కండె విప్పుకుంటూ వచ్చి పిల్ల తల చుట్టూ తిప్పారు. ఆ దారం మా అమ్మ చేతిలోకి, మామయ్య చేతిలోకి వచ్చింది. నేను దాని కొస తీసుకుని కుర్చీ దగ్గరికి వెళ్ళి మోకాళ్ళ మీద కూర్చున్నాను.

"పట్టుకోండి. మీరూ పట్టుకోవాలి."

దొర ముఖం వెలిగిపోయింది. మాలో ఒకడిలా ఎవరైనా ఆయన్ని చూస్తే చాలు, ఆయనకు పండుగే. దారం రెండు చేతుల మధ్య పెట్టుకుని, మా వాళ్ళ లాగే దోసిలి జోడించాడు. పెన్సిలు చెవి మీద పెట్టుకున్నాడు. తల వెనక్కి తిప్పి జోసెఫ్‌ను అడిగాడు.

"ఇది ఏం తంతు?"

జోసెఫ్ నా వైపు చూశాడు. అతను ఆ ఒక్క క్షణంలో తన ఉద్యోగం పోగొట్టుకోవచ్చు, నా ప్రాణం తియ్యవచ్చు.

"దానం దొరగారూ," అన్నాడు.

"ఏం దానం?"

"ఇంట్లో అన్నిటికన్నా విలువైనది ఇస్తారండి."

"ఎంత బాగుంది!" అన్నాడు దొర. ఒక చేత్తో దారం వదలకుండా, రెండో చేత్తో అది రాసుకున్నాడు.

పెద్ద భిక్షువు పాత శాస్త్ర భాషలో చదివింది ఆయనకు అర్థం కాదు. ఆ మాటకొస్తే అక్కడ సగం మందికి కాదు. చివర్న మాత్రం భిక్షువు గొంతు పెంచి మా మాటలోనే అడిగాడు. "ఇవ్వడానికి హక్కున్న వాళ్ళందరూ దారం పట్టుకున్నారా?"

అమ్మ "పట్టుకున్నాను" అంది. మామయ్య అన్నాడు. నేనూ అన్నాను. దొర మా అందరినీ విని, అదే మాట, అదే యాసతో, అందరికన్నా గట్టిగా అన్నాడు. తప్పు లేకుండా పలికినందుకు నవ్వుకున్నాడు కూడా.

నేను చెంబు వంచి నీళ్ళు నేల మీద ధారపోశాను. ఇసుక పీల్చేసింది. అంతే, అయిపోయింది. ఖంనోయి ముక్కు మీద ఈగ వాలితే కదలకుండా ఊదుకుంటోంది.

తర్వాత ఊరంతా వరస కట్టింది. ఒక్కొక్కరే వచ్చి దొర చేతుల మీద పరిమళపు నీళ్ళు పోసి, వంగి దణ్ణం పెట్టారు. పదకొండేళ్ళలో ఎన్నడూ ఎవరూ పెట్టలేదు అలా. వెదురు బుట్టలమ్మే ముసలావిడ ఆయన చేతులు కళ్ళకద్దుకుని ఏడ్చింది.

"జోసెఫ్, ఇవాళ నా మీద ఇంత ప్రేమ ఎందుకు వీళ్ళకు?"

"ఇంత దానం ఎవరూ చెయ్యలేదు కదండీ."

"నేనేం ఇచ్చాను?"

జోసెఫ్ అప్పటికి ఉద్యోగానికి తెగించేశాడనుకుంటాను. "ఎడిత్ అమ్మాయిగారిని, దొరగారూ. విహారానికి."

దొర నా వైపు చూశాడు. ఆయన ముందు ఇంకా యాభై మంది ఉన్నారు, చెంబులు పట్టుకుని. 'నాకు తెలియదు' అని ఒక్క మాట అంటే చాలు. దానం చెల్లదు, పిల్ల ఆయనది. ఆ మాట కోసం ఆయన నోరు తెరవడం నేను చూశాను. కుర్చీ పక్కన గుడ్డ పరిచి, దాని మీద ఎర్రట్ట పుస్తకం పెట్టి ఉంది, పెద్దలు అందరికీ కనబడేలా పెట్టించారు. ఈ జనం ఆచారాలూ మనసూ పూర్తిగా తెలిసిన ఒకే ఒక్క తెల్లవాడు రాసిన పుస్తకమని ఆయనే వాళ్ళకు చెప్పాడు. ఆయన కళ్ళు దాని మీద పడ్డాయి. నోరు మూసుకుని, తడి చేతులు మళ్ళీ చాచాడు. వరస అయిపోయేదాకా చాచే ఉంచాడు.

ఇంటికి వచ్చాక కోటు విప్పకుండా కూర్చున్నాడు.

"రద్దు చేయించు."

"నా వల్ల కాదు. మీరు చెప్పండి. పదకొండేళ్ళున్నా మా మాట అర్థం కాలేదని ఊరికి చెప్పండి. మీ పుస్తకంలో కూడా రాయండి."

"బానిసను చేశావు దాన్ని. సొంత బిడ్డను," అన్నాడు. "నేను దాని బతుకు బాగు చెయ్యాలనుకున్నాను బువా."

"నేను దాన్ని చూసుకుంటూ బతకాలనుకున్నాను. అంతకన్నా నాకేం తెలియదు."

"ముందే నాకు చెప్పి ఉండవచ్చు కదా?"

"వేలిముద్ర వేసిన రోజు మీరు నాకు చెప్పి ఉండవచ్చు కదా?"

ఆయన లేచి, పెట్టెలు సర్దుకోవడం మొదలుపెట్టాడు. నేను చొక్కాలు మడత పెట్టి అందించాను. పదేళ్ళుగా నేను మడత పెట్టిన చొక్కాలే అవి.

పదో రోజు పొద్దున్నే ఏనుగులు వచ్చాయి. నాలుగు పెట్టెలు, కుర్చీ, గాజుపుల్లల సంచీ ఎక్కించారు. టాప్సీని బుట్టలో పెట్టి ఎక్కించారు. దొర విహారానికి వెళ్ళి వచ్చాడు. లోపల ఏమన్నాడో, పిల్లతో మాట్లాడాడో లేదో నాకు తెలియదు. వచ్చేటప్పటికి కళ్ళు ఎర్రగా ఉన్నాయి. మెట్ల దగ్గర నా ఎదురుగా నిలబడ్డాడు. ఏం చెయ్యాలో తోచనప్పుడు ఆ మనిషి చెయ్యి దానంతటదే వెళ్ళే చోటు ఒకటుంది. జేబులోంచి నోటు పుస్తకం తీసి పెన్సిలు పట్టుకున్నాడు.

"ఆ దారం తంతు... దాన్ని మీ వాళ్ళు ఏమని పిలుస్తారు?"

పదేళ్ళలో ఆయన అడిగిన ప్రతి పేరూ చెప్పాను. ఆ ఒక్కటీ చెప్పలేదు. ఆయన పుస్తకం మూసి ఏనుగెక్కాడు.

వాళ్ళు నది దాటేదాకా ఆగి నేను విహారానికి వెళ్ళాను. ఖంనోయి తన కన్నా పొడుగైన చీపురుతో పండుగ ఇసుక ఊడుస్తోంది. చేతులు అప్పటికే బొబ్బలెక్కాయి. నన్ను చూసి చీపురు పడేసి పరిగెత్తుకొచ్చింది. విహారం పాకల పెత్తనం చూసే ముసలావిడ "ఊడ్చేది అయ్యాకే" అని కేకేసింది. ఇద్దరం ఆగిపోయాం, నాలుగడుగుల దూరంలో. నాకు ఆ ముసలిదాన్ని నరకాలన్న కోపం వచ్చింది. కాని అడుగు ముందుకు వెయ్యలేదు. ఆ నియమం ఉంది కాబట్టే నా కూతురు అక్కడుంది.

"నాన్న వెళ్ళాడా అమ్మా?"

"వెళ్ళాడు."

"మరి మనం ఎప్పుడు వెళ్తాం, ఓడ దగ్గరికి?"

ఆకాశం పడమటి వైపు నల్లబడుతోంది.

"వానలు వెలిశాక," అన్నాను.

అది తలూపి చీపురు అందుకుంది. ఆ ఏడు వానలు వెలిశాక అడిగింది. మరుసటి ఏడూ అడిగింది. మూడో ఏడు వానలు వెలిసి నెల దాటినా అడగలేదు. నేనే ఉండబట్టలేక, "ఓడ సంగతి అడగవేమే?" అన్నాను.

"ఎందుకులే అమ్మా," అంది. "ఊడ్చేది ఇంకా చాలా ఉంది."